బాబిలోను భాష చదివితే బతుకుతెరువు ఉంటుందా?

ప్రశ్న – పర్లాకిమిడి నుంచి
మా అమ్మాయి బి.ఏ. చరిత్ర రెండవ సంవత్సరంలో ఉంది. ప్రాచీన ఇరాక్‌లోని బాబిలోను వారి అక్కాడియన్ భాష నేర్చుకుని, తడిమన్నుపై పుల్లతో నొక్కి రాసిన వారి మట్టిపలకలు చదివే పండితురాలు కావాలని పట్టుబడుతోంది. బి.ఇడి. చేస్తే బరంపురంలోనో రాయగడలోనో ఉద్యోగం దొరుకుతుందని మా బావమరిది అంటున్నారు. ఆ విద్య ఎలాంటిదో, చివరకు జీతం ఎవరిస్తారో తెలిసినవారు చెప్పగలరు.

జవాబు – బరంపురం, విశ్రాంత అధ్యాపకుడు
అయ్యా, జీతం సంగతే ముందు చెబుతాను. ఉద్యోగాలు బహు తక్కువ. ఉన్నవి ఎక్కువగా ఐరోపా, అమెరికాలలోని విశ్వవిద్యాలయాలలోనూ మ్యూజియములలోనూ ఉన్నాయి. ఒకరు విరమిస్తే తప్ప ఖాళీ రాదు, విరమించినా ఒక్కొక్కసారి ఆ పదవే ఎత్తివేస్తారు. అక్కాడియన్‌తో పాటు, ఆ ప్రాంతంలోనే అంతకు పూర్వపు భాష అయిన సుమేరియన్ రావాలి, పూర్వపు పండితుల రాతల కోసం జర్మన్, ఫ్రెంచి చదవగలగాలి. షికాగో విశ్వవిద్యాలయం 1921లో మొదలుపెట్టిన అక్కాడియన్ నిఘంటువు 2011లో గాని పూర్తికాలేదు; సంపాదకులుగా ఏళ్ల తరబడి దానికే అంకితమైన ఓపెన్‌హైమ్ 1974లో, ఎరికా రైనర్ 2005లో కన్నుమూశారు. ఆ ఓపిక ఉందా అని అమ్మాయిని అడగండి.

జవాబు – గుణుపురం నుంచి
మాష్టారు చెప్పినది నిజమే కాని, జార్జి స్మిత్‌ను కూడా తలచుకోవాలి. కరెన్సీ నోట్ల అచ్చుపలకలు చెక్కే పనివాడు, మధ్యాహ్న భోజన విరామాలలో బ్రిటిష్ మ్యూజియముకు వెళ్లి సొంతంగా ఆ పలకల లిపి నేర్చుకుని, 1872లో గిల్గమేష్ అనే రాజు కథ చెప్పే అక్కాడియన్ కావ్యంలోని జలప్రళయ కథను పలకపై చదివి లోకానికి చెప్పాడు. అయితే 1876లో, 36 ఏళ్లకే, పలకల వేటలోనే అలెప్పోలో జబ్బుపడి మరణించాడు.

ఆ లిపి మన సరిహద్దువారికి అంత వింత కాదు. మా నాన్నగారి కొట్టు చిట్టాలో మాటలు తెలుగు, అక్షరాలు ఒడియా. ‘ఉప్పు రెండు కిలోలు’ అని ఒడియా లిపిలో ఉంటే తెలుగు రాని ఒడియా గుమస్తా గడగడా చదివేవాడు, అర్థం మాత్రం అయ్యేది కాదు. బాబిలోనువారూ అంతే, సంబంధమే లేని సుమేరియన్ల లిపిని తమ భాషకు వాడుకున్నారు. కాకపోతే వారి చిక్కు ఇంకా పెద్దది. నక్షత్రం బొమ్మగా పుట్టిన ఒకే గుర్తు సుమేరియన్‌లో ఆకాశమైతే ‘అన్’, దేవుడైతే ‘డింగిర్’. అక్కాడియన్‌లో దేవుడైతే ‘ఇలు’, ఒక్కొక్కచోట అర్థం లేని ‘అన్’ అనే శబ్దం మాత్రమే. ఏది ఎక్కడో తేల్చడమే పండితుని రోజువారీ పని.

జవాబు – పర్లాకిమిడి నుంచి
మన ఊళ్లోనే బడిపంతులుగా ఉంటూ గిడుగు రామమూర్తి గారు ముఖలింగం శాసనాలు చదవడం సొంతంగా నేర్చుకున్నారు, సవర భాషకు నిఘంటువు కూర్చారు. (ఆయన వాడుకభాష కోసం పోరాడిన ఊరి నుంచి మనం ఇంత గ్రాంథికంగా రాసుకోవడం ఆయనకు నచ్చేది కాదేమో!) కనుక బి.ఇడి. మాన్పించకండి, పలకలూ మాన్పించకండి. పలకల ఛాయాచిత్రాలు అంతర్జాలంలో ఉచితంగా దొరుకుతాయి. జర్మన్ మాత్రం ఇప్పుడే మొదలుపెట్టించండి.

ప్రశ్న అడిగినవారు
అందరికీ నమస్కారాలు. వినాయకుడికి తెచ్చిన బంకమన్నులో మిగిలిన ముద్దపై, ఐస్‌క్రీము పుల్ల మూలతో నొక్కి, ఆ నక్షత్రం గుర్తును నిన్న మా అమ్మాయి నాకు చూపించింది. బరంపురంలో జర్మన్ నేర్పేవారు ఎవరైనా ఉన్నారా?