నల్లగొండ జిల్లా జానపద నటుడు: తొమ్మిది సినిమాలా, పద్నాలుగా? జాబితా సరిచూసేదెలా?

పానగల్లు పాఠకుడు:

1962 నుంచి 1968 దాకా జానపద సినిమాల్లో చిన్న వేషాలు వేసిన ఒక నటుడి సినిమాల జాబితా తయారవుతోంది. నల్లగొండ జిల్లా మనిషి. ఇంటివాళ్లు వద్దన్నారు కాబట్టి పేరు ఇక్కడ రాయట్లేదు. సేనాధిపతి, కోట కాపలాదారు, మాంత్రికుడి శిష్యుడు, ఒకచోట రాకుమారుడి మిత్రుడు, ఇవీ వేషాలు. కాంతారావు గారి గురించైతే (మన కోదాడ దగ్గరి గుడిబండ ఆయనది) ఎక్కడ వెతికినా ఏదో ఒకటి దొరుకుతుంది. ఈయన గురించి నెట్‌లో ఉన్నవి నాలుగు ముక్కలు, అందులో మూడు ఒకరిని చూసి ఒకరు ఎత్తి రాసినవి. తొమ్మిది సినిమాలని ఒకరు, పద్నాలుగని ఇంకొకరు.

చేతిలో ఉన్నవి: యూట్యూబ్ కాపీలు ఆరు, పాటల పుస్తకాలు (పాటలు, నటుల పేర్లు, కథాసంగ్రహం అచ్చేసిన చిన్న పుస్తకాలు) రెండు, స్టిల్స్ (సినిమా ఫొటోలు) మూడు. గ్రంథాలయంలో బోర్డుకి ఎక్కే జాబితా ఇది. ఒకసారి తప్పు పడితే రేపు అందరూ దాన్నే ఎత్తి రాస్తారు. ఎక్కడ మొదలుపెట్టాలి, దేన్ని నమ్మాలి?

రీలుడబ్బా:

టైటిల్ కార్డులతో మొదలుపెట్టండి సార్. కంప్యూటర్‌లో వీడియో పాజ్ చేసి కామా మీట నొక్కితే ఒక ఫ్రేము వెనక్కి, ఫుల్‌స్టాప్ నొక్కితే ఒక ఫ్రేము ముందుకి వెళ్తుంది. ఫోనులో ఇది కుదరదు. పెద్ద తారల కార్డులు దాటాక సన్నక్షరాలతో కిక్కిరిసిన కార్డు ఒకటి వస్తుంది, మీ మనిషి అక్కడ ఉంటారు. లేకపోతే స్టంట్ల కార్డు కూడా చూడండి. కత్తి తిప్పడం వచ్చినవాళ్ల పేర్లు నటుల్లో కాక అక్కడ చేరే వీలుంది.

అసలు చిక్కు కాపీలతో. సెన్సార్ సర్టిఫికెట్ కనబడితే దాని మీద రీళ్ల సంఖ్య, నిడివి, తేదీ రాసుకోండి. నిడివి మీటర్లలో ఉంటే 27.4తో, అడుగుల్లో ఉంటే 90తో భాగిస్తే నిమిషాలొస్తాయి. 4,500 మీటర్లంటే 164 నిమిషాలు. మీ కాపీ 148 నిమిషాలే ఉందనుకోండి, 16 నిమిషాలు పోయిందని కంగారు పడొద్దు. సినిమా తీసింది సెకనుకు 24 ఫ్రేములతో, వీసీడీలకి (సినిమా సీడీలకి, మీ యూట్యూబ్ కాపీ వాటి నుంచి వచ్చిందే కావచ్చు) ఎక్కించింది 25తో. అందుకే బొమ్మ 4 శాతం తొందరగా అయిపోతుంది. 148ని 25తో గుణించి 24తో భాగించండి, 154 వస్తుంది. అంటే నిజంగా పోయింది 10 నిమిషాలు, ఇంచుమించు ఒక రీలు (వెయ్యి అడుగుల రీలు 11 నిమిషాలు నడుస్తుంది). ఆ రీల్లోనే మీ సేనాధిపతి చచ్చిపోయి ఉండొచ్చు!

ఇదే కారణంగా పాత్రల గొంతులు కూడా కాస్త సన్నబడతాయి. గొంతు విని ‘ఈయనే’ అని తేల్చొద్దు. పైగా ఆ గొంతు డబ్బింగ్ చెప్పిన ఇంకొకరిది కావచ్చు.

సర్టిఫికెట్ తేదీ విడుదల తేదీ కాదు. అప్పట్లో సర్టిఫికెట్ పదేళ్లే చెల్లేది. మళ్లీ విడుదల చేసేటప్పుడు కొత్తది తీసుకునేవారు. 1964 సినిమా కాపీ మీద 1970ల తేదీ ఉంటే కారణం అదే. విడుదల తేదీకి ఆంధ్రపత్రిక, ఆంధ్రప్రభల్లో ఆ వారం ప్రకటనలు చూడాలి. ప్రెస్ అకాడమీ వాళ్లు స్కాన్ చేసి పెట్టిన పాత సంచికలు పనికొస్తాయి. రీలు మొదలూ చివరా ఎక్కువ అరుగుతాయి. సర్టిఫికెట్, టైటిళ్లు మొదటి రీలు మొదట్లోనే ఉంటాయి, కాబట్టి ముందు పోయేవి అవే. టైటిళ్లు లేని కాపీ దొరికితే పాటల పుస్తకమే గతి.

పాలమూరు తమ్మి:

అన్నా, పేర్ల కాడనే మస్తు మంది బోల్తా పడ్తరు. ‘పాతాళ భైరవి’ల అంజి వేషం గట్టిన బాలకృష్ణ వేరే, ఆ సిన్మా 1951ది. నందమూరి బాలకృష్ణ పుట్టిందే 1960 సంవత్సరంల. అయినా పేరు కలిసిందని ఒక్క లింకు వెడ్తే ఇద్దరు ఒక్కరైపోతరు. నటుడు రామకృష్ణ, పాటలు వాడిన వి. రామకృష్ణ గూడ గంతే. మీ ఆయన పేరు ముందట ఇంటిపేరు అక్షరం ఉన్నదా లేదా, ఒక్కో కార్డు మీద ఎట్లున్నదో అట్లనే రాసుకోండ్రి. సక్కగ జేస్తున్నమని దిద్దకుండ్రి.

ఇగ తొమ్మిది, పద్నాలుగు లెక్క. తమిళంలకు డబ్బింగైన సిన్మాను ఇంకో సిన్మా లెక్క గట్టిన్రేమో సూడుండ్రి. డబ్బింగుకు వేరే అంకె ఇయ్యద్దు, అసలు సిన్మా కింద ఒక లైను రాస్తే సాలు. ‘పాతాళ భైరవి’ లెక్క రెండు భాషలల్ల తీసిందైతే ముచ్చట వేరే. గసువంటి దాంట్ల చిన్న వేషాలకు మనుషులు మారుతరు, రెండూ సూడాల్సిందే.

పానగల్లు పాఠకుడు:

ఇద్దరికీ ధన్యవాదాలు. పద్నాలుగులో మూడు డబ్బింగులని తేలిపోయింది. ఇంకా రెండు ముడులున్నాయి. ఒకటి, పాటల పుస్తకంలో పేరుంది, కాపీలో మనిషి కనబడడు. లెక్క వేస్తే ఆ కాపీలో 9 నిమిషాలు తక్కువ. రెండు, స్టిల్‌లో పుట్టుమచ్చ కుడి బుగ్గ మీద, సినిమాలో ఎడమ బుగ్గ మీద.

కృష్ణపట్టె:

మచ్చ సంగతి ముందు. స్టిల్‌లో కత్తి ఒర ఏ పక్క వేలాడుతోందో చూడండి. కుడిచేత్తో కత్తి దూసేవాడికి ఒర ఎడమ నడుముకే ఉండాలి. కుడివైపు ఉంటే ఆ ఫొటో నెగెటివ్ తిరగేసి అచ్చు వేసిందే. పక్కన ఇంకెవరైనా ఉంటే వాళ్ల ఒరలూ చూడండి, అన్నీ కుడివైపే ఉంటే ఇక అనుమానం అక్కర్లేదు.

ముఖం పోల్చేటప్పుడు మీసం, గడ్డం, జుట్టు మర్చిపోండి. అవి స్పిరిట్ గమ్ అనే జిగురుతో అతికించిన క్రేపు (మేకప్ వెంట్రుకలు), సినిమాకొక రకం. చెవి చూడండి. చెవితమ్మె చెంపకి అతుక్కుని ఉందా, విడిగా వేలాడుతోందా అన్నది మేకప్‌తో మారదు. కుండలాలు పెద్దవైతే తమ్మె సాగినట్టు కనబడుతుంది, అప్పుడు చెవి పైఅంచు మడత పోల్చాలి. కత్తి యుద్ధాల్లో దూరపు షాట్లు సాక్ష్యానికి పనికిరావు, డూపు ఉండొచ్చు. దగ్గరి షాట్‌లో నడుంపట్టీ ముడి ఒకలా ఉండి, దూరపు షాట్‌లో ఇంకోలా ఉంటే మనిషి మారినట్టే లెక్క.

పాటల పుస్తకంలో పేరుండి తెరమీద లేనివాణ్ని కొట్టేయకండి. పుస్తకాలు విడుదలకి ముందే అచ్చయ్యేవి. ఆఖర్న ఎడిటింగ్‌లో వేషం ఎగిరిపోయినా పేరు అచ్చులో నిలిచిపోతుంది. మీ కాపీలో 9 నిమిషాలు తక్కువ కాబట్టి ఎడిటింగ్‌లో పోయాడా, పోయిన ముక్కలో ఉన్నాడా అన్న రెండు అనుమానాలూ బతికే ఉన్నాయి. ‘పుస్తకంలో పేరుంది, తెరమీద చూడలేదు’ అని పక్కన రాయండి. ‘మిగతా కథ వెండితెరపై చూడండి’ అని ఆపేసిన కథాసంగ్రహంలో ఆ పాత్ర పేరు వస్తే కథలో ఎంతవరకు ఉన్నాడో కొంత తెలుస్తుంది.

ఆరేళ్లలోనే ఎందుకు ఆగిపోయాడని బోర్డు మీద రాయదలిస్తే జాగ్రత్త. ‘అవకాశాలు రాక’ అని ఒక్క ముక్కలో తేల్చేస్తారు అందరూ. కొలువుకూటంలో ఎత్తుగా నిలబడి ‘చిత్తం మహాప్రభూ’ అనడం జానపదంలోనే పనికొస్తుంది, సాంఘికంలో ఆ నిలబడ్డానికి జీతం లేదు. విఠలాచార్య ‘కనకదుర్గ పూజా మహిమ’ (1960)లో ప్రతినాయకుడిగా వేసిన కైకాల సత్యనారాయణ సాంఘికాల్లోనూ నిలిచారు. మన తుంగతుర్తి ప్రభాకర్ రెడ్డి గారు అదే ఏడు ‘చివరకు మిగిలేది’తో నేరుగా సాంఘికంలోనే అడుగుపెట్టారు. కాంతారావు గారంతటి కత్తివీరుడే తర్వాత తర్వాత సహాయ పాత్రలకి మళ్లాల్సి వచ్చింది. మీ నటుడి ఆఖరి రెండు సినిమాల్లో వేషం నిడివి స్టాప్‌వాచ్ పెట్టి కొలవండి, మొదటి రెండింటితో పోల్చండి. తగ్గుతూ వచ్చిందో, ఉన్నట్టుండి ఆగిపోయిందో తెలుస్తుంది. ఉన్నట్టుండి ఆగితే కారణం ఇంటివాళ్ల దగ్గరే అడగాలి.

మిగతా పాటల పుస్తకాలకి, స్టిల్స్‌కి పుణెలోని జాతీయ చలనచిత్ర భాండాగారానికి రాయండి. ఈ నటుడి పేరు మాత్రమే రాస్తే పని కాదు. సినిమా పేరు, సంవత్సరం, నిర్మాణ సంస్థ, దర్శకుడు, ఈ నాలుగూ ఒక్కో సినిమాకి విడివిడిగా రాసి పంపండి. 9 నిమిషాలు తక్కువున్న సినిమాని ఆ ఉత్తరంలో మొదట పెట్టండి.