మోల్ట్కే "కుదరదు" అన్నది నిజంగా రైళ్ల వల్లేనా?

మొదటి ప్రపంచ యుద్ధం గురించి బాగా చదివినవాళ్లు కాస్త చెప్పండి. 1914 ఆగస్టు 1న లండన్‌లోని జర్మన్ రాయబారి లిఖ్నోవ్‌స్కీ పంపిన తంతి చూసి, బ్రిటన్, ఫ్రాన్స్ యుద్ధంలోకి రావేమోనని ఆశపడ్డ కైజర్ (జర్మన్ చక్రవర్తి) విల్‌హెల్మ్ సైన్యం మొత్తాన్నీ రష్యా వైపు తిప్పమన్నాడు. జనరల్ స్టాఫ్ అధిపతి మోల్ట్కే (1870లో ఫ్రాన్స్‌తో యుద్ధం నాటి పెద్ద మోల్ట్కే కాదు, ఆయన తమ్ముడి కొడుకు) ససేమిరా అన్నాడు. లక్షల మందిని మోసే రైళ్ల ఏర్పాటు అప్పటికప్పుడు మార్చలేమట. సైన్యాన్ని రష్యా వైపు నడిపే తూర్పు ప్లాన్‌ను 1913లోనే పక్కన పడేశారు కాబట్టి సబబే అనిపిస్తుంది. కానీ రైల్వే విభాగం చూసిన జనరల్ స్టాబ్స్, యుద్ధం అయ్యాక, మార్చగలిగేవాళ్లమంటూ ఏకంగా పుస్తకమే రాశాడు!

నాకైతే రైళ్లు సాకేననిపిస్తోంది, ఫ్రాన్స్‌ను వెనకాల వదిలి వెళ్లడానికే మోల్ట్కేకు ధైర్యం చాల్లేదు. స్టాబ్స్ లెక్కల్ని తర్వాత ఎవరైనా పరిశీలించారా? ఆ రైల్వే పట్టికలేమైనా మిగిలాయా, 1945లో పోట్స్‌డామ్‌లోని సైనిక పత్రాల భాండాగారంపై జరిగిన బాంబుదాడిలో పోయాయా?