డెవలపర్ ఆప్షన్స్ మారిస్తే గేమ్ స్మూత్‌గా ఆడుతుందా?

ప్రశ్న (చీపురుపల్లి)
అన్నా, నాది 120 హెర్ట్జ్ స్క్రీన్, అంటే సెకనుకు 120 సార్లు బొమ్మ మార్చేది. మామూలుగా బాగానే ఉంటుంది గానీ, షూటింగ్ గేమ్ మొదలెట్టిన కాసేపటికే ఫోన్ కాలిపోతుంది. సరిగ్గా గురి పెట్టే టైమ్‌కి బొమ్మ ఆగి ఆగి కదులుతుంది. బిల్డ్ నంబర్ మీద 7 సార్లు నొక్కి, సెట్టింగ్స్‌లో దాగి ఉండే డెవలపర్ ఆప్షన్స్ తెరిచాను. ఫోర్స్ 4ఎక్స్ ఎంఎస్ఏఏ ఆన్ చేసి, బ్యాక్‌గ్రౌండ్ ప్రాసెస్ లిమిట్ (వెనకాల ఎన్ని యాప్‌లు నడవొచ్చో చెప్పేది) సున్నా పెట్టమంటున్నాడు ఫ్రెండ్. అమ్మకి డబ్బులు పంపేదీ ఈ ఫోన్ నుంచే, అందుకే టెన్షన్. ఏటి చేయమంటారు?

జవాబు (విజయనగరం, మూడు లాంతర్ల దగ్గర మొబైల్ రిపేర్ షాపు)
తమ్ముడూ, 4ఎక్స్ ఎంఎస్ఏఏ జోలికి వెళ్లకు. అది వేగం కోసం కాదు, ఓపెన్‌జీఎల్ ఈఎస్ 2.0 (బొమ్మలు గీసే ఒక పద్ధతి) వాడే గేముల్లో బొమ్మల అంచులు నున్నగా కనబడడానికి. బొమ్మలు గీసే చిప్ జీపీయూకి పని పెరిగి ఫోన్ ఇంకా వేడెక్కుతుంది. నీ బాధే వేడి కదా! వేడి మితిమీరితే ప్రాసెసర్ తనంతట తానే వేగం తగ్గించుకుంటుంది, బొమ్మ ఆగేది అక్కడే. గేమ్‌లో గ్రాఫిక్స్ తగ్గించి ఫ్రేమ్ రేట్, అంటే సెకనుకు గీసే బొమ్మల లెక్క, 60 దగ్గర పెట్టు. అప్పుడు ఒక్కో ఫ్రేమ్ గీయడానికి 16.7 మిల్లీసెకన్లు దొరుకుతాయి, 120కి అయితే 8.3 మాత్రమే. పడుతూ లేస్తూ వచ్చే 90 కన్నా నిలకడగా వచ్చే 60తోనే గురి కుదురుతుంది.

మా షాపుకొచ్చే కుర్రాళ్ల ఫోన్లు చూస్తుంటాను. వెనక మందపాటి రబ్బరు కవరు, చార్జింగ్ వైరు పెట్టే ఆట, అదీ వేసవిలో రేకుల గదిలో. ఏ సెట్టింగ్ కాపాడుతుంది చెప్పు? ముందు ఆ కవరు తీసెయ్.

డెవలపర్ ఆప్షన్స్‌లో యాప్‌లు తెరుచుకునే కదలికల వేగం చూసే యానిమేషన్ స్కేల్ మూడింటినీ 0.5 చేసుకో. యాప్‌లు చటుక్కున తెరుచుకున్నట్టు ఉంటాయి. గేమ్‌లో మాత్రం ఒక్క ఫ్రేమ్ పెరగదు.

జవాబు (ఆమదాలవలస)
ప్రాసెస్ లిమిట్ సున్నా అస్సలు వద్దు. ఓటీపీ చూద్దామని మెసేజ్‌లోకి వెళ్లి వచ్చేలోగా బ్యాంకు యాప్ మూసుకుపోయి మళ్లీ మొదటికొస్తుంది. వైరు పెట్టి కంప్యూటర్ నుంచి ఫోన్‌ని నడిపించనిచ్చే యూఎస్‌బీ డీబగ్గింగ్ కూడా ఆఫ్‌లో ఉంచు. డెవలపర్ ఆప్షన్స్ ఆన్‌లో ఉంటే కొన్ని బ్యాంకు యాప్‌లు తెరుచుకోవు కూడా.

ప్రశ్న అడిగినవారు
కవరు తీసి 60లో ఆడాను అన్నా, బొమ్మ ఆగలేదు! కానీ స్క్రీన్ సెకనుకు ఎన్నిసార్లు మారుతుందో చూపే షో రిఫ్రెష్ రేట్ పెడితే మూలన 60 అనే వస్తోంది. బలవంతంగా 120 చేయనా?

జవాబు (విజయనగరం)
వద్దు. గేమ్ 60 ఫ్రేములే ఇస్తుంటే, 120లో స్క్రీన్ అదే బొమ్మను రెండేసి సార్లు చూపిస్తుంది. బ్యాటరీ దండగ.