ప్రేమకథలో పడకగది: కథకు బలమా, ముసుగా?

పాతరీలు:
పెద్దల సినిమాలో అసలుసిసలు ప్రేమకథ ఇముడుతుందా? ఇమడదనేవాళ్లు ఒకసారి జపాన్ వైపు చూడండి. టీవీ దెబ్బకు జనం తగ్గి దివాలా అంచుకు చేరిన నిక్కత్సు స్టూడియో, 1971లో ‘రోమన్ పోర్నో’ పేరుతో పెద్దల సినిమాలు మొదలుపెట్టి 1988 దాకా తీసింది. షరతులు మూడే: గంటా పది నిమిషాల నిడివి, చిన్న బడ్జెట్, దాదాపు పది నిమిషాలకో శృంగార సన్నివేశం. మిగతాదంతా దర్శకుడి ఇష్టం. ఆ వెసులుబాటుతోనే తత్సుమి కుమషిరో లాంటి దర్శకులు ఒంటరితనం గురించీ, నిలవని ప్రేమల గురించీ చెప్పుకున్నారు. 1972కి జపాన్ సినిమా పత్రిక కినేమా జుంపో అవార్డు కుమషిరోకీ దక్కింది. మన మాస్ సినిమాకి ఆరు పాటలు, నాలుగు ఫైట్ల లెక్క ఉండేది కదా, ఆ లెక్కలోనే మంచి సినిమాలూ వచ్చాయి.

సెకండ్‌షో:
అన్నా, గడియారం పెట్టుకుని రాస్తే ప్రేమకథ ఎలా అవుతుంది? అలిగిన జంట పదో నిమిషానికల్లా రాజీపడాలి, సీను టైమైంది కాబట్టి! 2000 ప్రాంతంలో మన ఊళ్లలో ఆడిన మలయాళం డబ్బింగులు గుర్తున్నాయా? తెర మీద కథ నడుస్తుంటే హాల్లో బీడీలు, కబుర్లు. సెన్సార్‌కి చూపించని బిట్‌ని ఆపరేటర్ మధ్యలో అతికించేవాడు. దాని రంగు కూడా సినిమాతో కలిసేది కాదు, అందులో ఉన్నది ఆ హీరోయినూ కాదు. బిట్ అయిపోగానే సగం హాలు ఖాళీ. కథ ఎవడిక్కావాలి?

కలంకారి:
సెకండ్‌షో గారూ, అది థియేటర్ వాడి దొంగతనం. దానికి కథనెందుకు తిడతారు? శృంగారం దాచకుండా మనసు చెప్పడం తెలుగుకి కొత్తేం కాదు. 18వ శతాబ్దంలో తంజావూరులో ముద్దుపళని అనే కవయిత్రి రాసిన ‘రాధికా సాంత్వనము’ కావ్యం ఉంది. ఇళ అనే అమ్మాయిని పెంచి, కృష్ణుడికిచ్చి పెళ్లి చేసిన రాధే తర్వాత అసూయతో వేగిపోతుంది. అందులో శృంగారం తీసేయండి, ఆ అసూయకి పస ఉండదు.

తెనాలి మిర్చి:
కావ్యం రాయడానికి ఎవరూ బట్టలు విప్పక్కర్లేదు మేడమ్. సినిమాకి ఓ మనిషి ఒళ్లు కావాలి. ‘లాస్ట్ టాంగో ఇన్ పారిస్’ని గొప్ప ప్రేమ విషాదమంటారు. అందులో ఒక బలాత్కార సన్నివేశంలో ఏం చేయబోతున్నారో 19 ఏళ్ల నటి మరియా ష్నైడర్‌కి పూర్తిగా చెప్పలేదు. తనకి నటి స్పందన వద్దు, అమ్మాయి స్పందన కావాలనుకున్నానని దర్శకుడు బెర్తొలూచీ 2013లో తానే ఒప్పుకున్నాడు. తనకి జరిగిన అవమానం గురించి ఆమె 2007లోనే చెప్పింది. ఆయన ఒప్పుకునేసరికి ఆమె లేదు, 2011లోనే పోయింది. అంతా కళ కోసమేనట!

పాతరీలు:
కాదనను. అందుకేగా ఇప్పుడు శృంగార సన్నివేశాల్లో నటుల హద్దులు చూసుకునే ఇంటిమసీ కోఆర్డినేటర్లు వచ్చింది. హెచ్‌బీఓ 2018లో ‘ది డ్యూస్’ సీరియల్‌కి పెట్టింది, అదీ పోర్న్ పరిశ్రమ మీద కథే. చెయ్యి ఎక్కడ పడాలి, ఎక్కడ ఆగాలి అన్నీ ముందే ఖరారు.

లా పాయింట్:
మధ్యలో ఓ మాట. మన దగ్గర ‘ఎ’ సర్టిఫికెట్ పైన ఇంకో మెట్టు లేదు. 2016లో శ్యామ్ బెనెగల్ కమిటీ ఒకటి సూచించింది. 2023లో సినిమా చట్టానికి చేసిన సవరణ మాత్రం యు/ఎని 7, 13, 16 ఏళ్లుగా విడగొట్టి ‘ఎ’ జోలికి పోలేదు. 2025 జులైలో కేంద్రం ఉల్లు, ఆల్ట్ సహా 25 ఓటీటీ వేదికలని ఆపేయమంది. ఇక మీరు చెప్పే సినిమాకి డబ్బు పెట్టేదెవరు?

తెనాలి మిర్చి:
డబ్బు సంగతి తర్వాత. పాతరీలు గారూ, మీ నిక్కత్సు 2016లో అదే పది నిమిషాల రూలుతో ఐదుగురు దర్శకులని మళ్లీ పిలిచింది. ఐదుగురూ మగాళ్లే. ప్రేమకథ అంటున్నారు సరే, ఎవరి వైపు నుంచి?

కలంకారి:
మిర్చి గారూ, నేను ముద్దుపళని పేరెత్తింది అందుకే. ఆ కావ్యాన్ని వీరేశలింగం గారు బూతన్నారు. గాయని బెంగళూరు నాగరత్నమ్మ 1910లో అచ్చేయించి, మగకవులు ఇంతకన్నా పచ్చిగా రాసినవాటికి లేని తప్పు దీనికెందుకని నిలదీసింది. అయినా మరుసటి ఏడే నిషేధం, 1947లో గానీ ఎత్తలేదు. ఆ ఐదుగురిలో ఒక్క ఆడమనిషి ఉన్నా నేను టికెట్ కొనేదాన్ని.