837 మీడియం వేవ్ ఇక అక్కర్లేదా? బెజవాడకి 102.2 ఎఫ్‌ఎం ఒక్కటీ చాలదా?

ఏరియల్‌తీగ
దేశమంతటా ఆకాశవాణి పాత మీడియం వేవ్ (పాత రేడియోల్లో దూరం పోయే బ్యాండు) ట్రాన్స్‌మిటర్లు తగ్గించుకుంటూ ఎఫ్‌ఎం పెంచుకుంటోంది. విజయవాడ కేంద్రం 837 కిలోహెర్ట్జ్ కూడా కట్టేసి, కార్యక్రమాలన్నీ ఆకాశవాణి వారి 102.2 ఎఫ్‌ఎం మీదకి తేవొచ్చు కదా? నా ఓటు కట్టేయడానికే. అది 100 కిలోవాట్ల ట్రాన్స్‌మిటర్. గాలిలోకి అంత పంపాలంటే కరెంటు 120 కిలోవాట్లకి పైగానే లాగుతుంది. రోజుకి 18 గంటలు నడిస్తే రెండు వేల యూనిట్లు దాటింది. 10 కిలోవాట్ల ఎఫ్‌ఎంకి గంటకి 15 యూనిట్లు, ఏసీల ఖర్చు అదనం. పైగా ప్రైవేటు ఎఫ్‌ఎంలు 98.3, 93.5 వచ్చాక ఊళ్లో బ్యాండు మార్చేవాడెవడు?

దివిసీమ_గట్టు
అన్నా, కరెంటు లెక్క సరే, దూరం లెక్క కూడా వెయ్యండి. ఎఫ్‌ఎం దాదాపు కంటి చూపంత దూరమే పోతుంది. టవర్ ఎత్తు మీటర్లలో తీసుకుని వర్గమూలం కట్టి 4.12తో గుణిస్తే కిలోమీటర్లు వస్తాయి. 100 మీటర్ల టవర్‌కి 41. చేతిలో సెట్టు మీటరున్నర ఎత్తులో ఉంటే దానికో 5 కలపండి. మొత్తం 46. గుంటూరు అందులో పడుతుంది. బందరు డెబ్బై దరిదాపు. అక్కడ నేల మీద నిలబడినవాడికి సూటిగా అందాలంటే 250 మీటర్ల టవర్ కావాలి. ఆ దూరం దాటాక కూడా తరంగం కాస్త వంగి వస్తుంది నిజమే, కానీ గాలివానలో దాన్ని నమ్ముకోలేం.

మీడియం వేవ్ నేలను పట్టుకుని పాకుతుంది. మనది తడి నేల, ఉప్పు నేల, పక్కన సముద్రం. ఈ తరంగాలకి అంతకంటే మంచి దారి లేదు. నాగాయలంక, లంక గ్రామాలు, రేపల్లె వైపు పగటిపూట 837 నిలకడగా వినపడేది అందుకే. 1977 నవంబరు 19 ఉప్పెన పేరు తలిస్తే చాలు, అక్కడ బ్యాటరీ సెట్టు విలువ ఎవరికీ చెప్పక్కర్లేదు.

ఏరియల్‌తీగ
పగటిపూట అన్నారు, రాత్రి సంగతో? పొద్దు గూకితే దూరపు స్టేషన్లు అదే ఫ్రీక్వెన్సీ మీద వచ్చి పడతాయి. ఇళ్లలో ఎల్‌ఈడీ బల్బులు, చార్జర్లు, ఇన్వర్టర్ల గోల సరేసరి.

తొమ్మిదో_ఎక్కం
గోల ఉందనే ఒప్పుకుంటాం, కానీ సగం మనం తెచ్చుకున్నదే. చార్జర్ ప్లగ్గు పీకి, సెట్టుని సెల్లుల మీద పెట్టి, బల్బుకి రెండు మీటర్లు దూరం జరపండి. ఆ తర్వాత సెట్టుని బల్ల మీదే గుండ్రంగా తిప్పండి. లోపలి ఫెరైట్ కడ్డీ (ఈ బ్యాండుకి యాంటెన్నా అదే) మొన స్టేషన్ వైపు ఉంటే శబ్దం చచ్చిపోతుంది, అడ్డంగా ఉంటేనే నిండుగా వస్తుంది. పైకి సాగే యాంటెన్నా ఎంత లాగినా ఈ బ్యాండుకి ఉపయోగం లేదు, అది ఎఫ్‌ఎంకే.

ఇంకో తిరకాసు. అంకెలు చూపే కొత్త సెట్లలో కొన్నిటికి అమెరికా పద్ధతిలో 10 కిలోహెర్ట్జ్ అంగ ఉంటుంది, అంటే మీట నొక్కిన ప్రతిసారీ అంకె పదేసి దూకుతుంది. అందులో 830, తర్వాత 840. 837 అసలు తగలదు, బొంగురు గొంతుతో గరగరలాడుతుంది. మన దగ్గర అంగ 9. తొంభై మూడు తొమ్మిదులు 837. సెట్టింగు 9కి మార్చకుండా స్టేషన్ చచ్చిందనేవాళ్లే ఎక్కువ.

పున్నమ్మతోట
98.3, 93.5 పోలిక అతకదు సార్. అవి ప్రైవేటు ఎఫ్‌ఎంల కోసం కేంద్రం 2005లో తెచ్చిన రెండో దశ విధానం కింద వచ్చిన స్టేషన్లు. సొంత వార్తలు చదివే అనుమతి వాటికి లేదు, ఆకాశవాణి బులెటిన్ ఉన్నదున్నట్టు వేసుకోవచ్చంతే. తుఫాను కబురు చెప్పాల్సింది ఆకాశవాణే.

ఈ కేంద్రం 1948 డిసెంబరు 1న మొదలైంది. అప్పటికి హైదరాబాదులో ఉన్నది నిజాం వారి దక్కన్ రేడియో, ఆకాశవాణిలో కలిసింది 1950లో. విజయవాడ కేంద్రం రాకముందు మద్రాసు నుంచి వచ్చే తెలుగే మనకి దిక్కు. రజనీకాంతరావు గారి భక్తిరంజని, ఉషశ్రీ గారి రామాయణ భారతాలు పల్లె అరుగుల దాకా పోయింది మీడియం వేవ్ మీదే. అలాగని పాత గౌరవం కోసం ట్రాన్స్‌మిటర్ నడపమనను. వినేవాడికి చేరుతోందా లేదా, అంతే చూడాలి.

ఏరియల్‌తీగ
ఆ మాటకే వస్తున్నా. 2024 సెప్టెంబరులో బుడమేరు పొంగి సింగ్‌నగర్ రోజుల తరబడి నీళ్లలో ఉంది. అలాంటి చోట ఎఫ్‌ఎం చాలు, ఊళ్లోనే కదా.

తొమ్మిదో_ఎక్కం
ఊళ్లో చాలు, ఒప్పుకున్నా. కానీ ఫోన్‌ని నమ్ముకోవద్దు. ఎఫ్‌ఎం ఉన్న ఫోన్‌కీ ఇయర్‌ఫోన్ తీగే యాంటెన్నా. తీగ లేని బడ్స్‌తో అది పలకదు. సెల్ టవర్ బ్యాటరీ కొన్ని గంటలే. రెండు పెద్ద సెల్లుల చిన్న సెట్టు మెల్లగా పెట్టుకుంటే వంద గంటల దరిదాపు నడుస్తుంది.

గుంటూరు_మేడ
గుంటూరులో 102.2 చుర్రుమంటోందనేవాళ్లకి: ముందు స్టీరియో మీట మోనోకి మార్చండి, సగం బుసలు పోతాయి. మంగళగిరి కొండ చాటు పడ్డవాళ్లు మేడ మీద డైపోల్ కట్టుకోండి. 70 సెంటీమీటర్ల రాగి తీగలు రెండు ఎదురెదురుగా, మధ్యలో కేబుల్ టీవీ తీగ. లోపలి తీగ ఒక దానికి, జల్లెడ అల్లిక రెండో దానికి. నిలువుగానూ అడ్డంగానూ పెట్టి చూసి, బాగున్న చోట బిగించండి. అతుకు మీద టేపు చుట్టకపోతే మొదటి వానకే నీళ్లు కేబుల్లోకి దిగి మళ్లీ మొదటికొస్తుంది.

ఏరియల్‌తీగ
సరే, దివిసీమ మాట కాదనను. అవనిగడ్డ, బందరు, రేపల్లెల్లో చిన్న ఎఫ్‌ఎం రిలేలు, అంటే ఇక్కడి కార్యక్రమాన్నే అందుకుని మళ్లీ వదిలే ట్రాన్స్‌మిటర్లు పెడితే?

దివిసీమ_గట్టు
పెట్టండి, కాదన్నదెవరు? కానీ 100 వాట్ల రిలే పది పదిహేను కిలోమీటర్లే. కాబట్టి మూడు చాలవు. 102.2నే గాలిలోంచి పట్టి మళ్లీ అదే ఫ్రీక్వెన్సీలో వదిలితే దాని కూత దాని చెవిలోనే పడుతుంది. ఉపగ్రహం నుంచి తీసుకుని వేరే ఫ్రీక్వెన్సీలో వదలాలి. ఒక్కోదానికి జనరేటర్ కావాలి. గంటకి లీటరున్నర డీజిల్ తాగే చిన్నదైనా 200 లీటర్లు నిల్వ ఉంటే అయిదు రోజులు, అదీ వరద మట్టానికి పైన దిమ్మె కట్టి కూర్చోబెట్టాలి. ముందు అవి వెలిగించండి. ఒక నవంబరు తుఫాను కాలం దాటాక 837 సంగతి మాట్లాడదాం.