సమస్యాపూరణం: నీరు పడిన కంట నిజము తెలిసె

నిర్వాహకుడు: మిత్రులకు నమస్కారం. ఈ వారం సమస్య ఆటవెలది నాలుగో పాదం:

*నీరు పడిన కంట నిజము తెలిసె*

కంట్లో నీళ్లు పడితే చూపు మసకబారాలి గానీ నిజం తెలియడం ఏమిటి? అదే చిక్కుముడి. నియమం ఒక్కటే, పూరణ జొవాన్ని బత్తిస్తా అమీచి జీవితంలోంచి రావాలి. ఈయన 1786లో ఇటలీలోని మోడెనాలో పుట్టి, అక్కడి విశ్వవిద్యాలయంలోనే లెక్కలు చెప్పారు. 1831లో టస్కనీ ప్రభువు పిలిస్తే ఫ్లోరెన్స్ వెళ్లి ఖగోళశాల చూసుకున్నారు. దూరదర్శినులూ సూక్ష్మదర్శినులూ స్వయంగా తయారు చేసుకునేవారు. వృక్షశాస్త్రం పుస్తకాల్లోనూ ఆయన పేరు కనిపిస్తుంది. 1863లో ఫ్లోరెన్స్‌లో పోయారు.

తెనాలి మాస్టారు:

కటకమునకు దిగువ గాజుపలకమీద
చుక్క నీటినుంచి చూచె నమిచి
గాలి పొర తొలగెను కాంతి వంగకపోయె
నీరు పడిన కంట నిజము తెలిసె

కన్ను అంటే ఇక్కడ సూక్ష్మదర్శిని కటకం. వస్తువుకూ కటకానికీ మధ్య నీటిచుక్క వేసి చూసే పద్ధతిని వాడుకలోకి తెచ్చింది ఈయనే కదా.

నిర్వాహకుడు: సమన్వయం చక్కగా కుదిరింది మాస్టారూ. రెండు మాటలు. అమీచిని అమిచి చేశారు. ఈ పేరు లఘువు, గురువు, లఘువు కాబట్టి సూర్యగణంలో ఒంటరిగా ఇమడదు. ముందు గణం చివర ‘న’ను ఆపి, ‘మీచి’ని తర్వాతి గణానికి పంపితే సరి: ‘కాస్త నీరు వేసి కనె నమీచి’. యతి కూడా కుదిరింది. ఇక భౌతికశాస్త్రం సంగతి. కాంతి అసలు వంగకపోవడం కాదు, తక్కువ వంగుతుంది. కాంతి ఎంత వంగుతుందో చెప్పే వక్రీభవన గుణకం గాలికి 1, నీటికి 1.33, గాజుకు సుమారు 1.5. గాజు నుంచి గాలిలోకి వచ్చేటప్పుడు బాగా పక్కకు పోయే కిరణాలు నీళ్లుంటే ఎక్కువగా కటకంలోకి చేరతాయి. ‘కాంతి వంపది తగ్గె’ అంటే ఏ ఇబ్బందీ లేదు.

తెనాలి మాస్టారు: రెండూ ఒప్పుకుంటున్నాను.

డల్లాస్ తమ్ముడు:

గంగవాయిలి పువు గనుచుండె గంటలు
రెప్ప వేయకుండ రేయి బవలు
పొట్ట విచ్చి పొడిచె పుప్పొడి గొట్టమై
నీరు పడిన కంట నిజము తెలిసె

మా ఇంటి వెనక మొలిచే గంగవాయిలి కూరే, మనం పప్పులో వేసుకునేది! రెప్ప వేయకుండా చూస్తే కళ్లు నీళ్లు కారవూ?

బోటనీ అక్కయ్య: పువ్వును సరిగ్గానే పట్టుకున్నావు తమ్ముడూ. కానీ ‘రేయి బవలు’ అస్సలు కుదరదు. గంగవాయిలి పువ్వు ఎండ పడితే విచ్చుకుంటుంది, కాసేపటికే ముడుచుకుంటుంది. రాత్రి ఏం చూస్తారు? ‘రెప్ప వేయకుండ రేగు నెండ’ అను, యతి చెడదు. మూడో పాదం మాత్రం నాకు భలే నచ్చింది. కీలాగ్రం (పువ్వులో పుప్పొడి వచ్చి అంటుకునే కొన) మీది నూగుకు అంటుకున్న పుప్పొడి రేణువు లోంచి సన్నటి గొట్టం బయటికి రావడం కళ్లకు కట్టింది. 1824లో ఆయన అచ్చువేసింది ఈ సంగతే.

హనుమకొండ లెక్కల సారు:

లెక్కల గురువయ్యు లెన్సుల నమరించి
నాచుకణములోన నడక జూచె
చెరువు చుక్క నొక్క చిరుసంద్ర మనిపించె
నీరు పడిన కంట నిజము తెలిసె

‘కంటపడు’ అంటే కనబడు అనే కదా. నీరు కంట పడింది, అంతే. ఏడుపూ లేదు, మసకా లేదు.

నిర్వాహకుడు: సారూ, మాటను ఇటు తిప్పితే చిక్కు దానంతటదే విడిపోయింది! నా లెక్కలో ఈ వారం ఇదే మొదటిది. ‘లెన్సుల’ అన్న ఇంగ్లీషు మాట మీద కొందరు పెదవి విరుస్తారు, నాకైతే అభ్యంతరం లేదు. అయినా ‘చిరుసంద్రం’ కొంచెం ఎక్కువైంది.

బోటనీ అక్కయ్య: ఈ రెండు పూరణలూ ఒకే కథ తెలుసా? కారా అనే నీటి నాచు కణంలో ద్రవం గిరగిర తిరగడాన్ని ఆయన 1818లోనే వివరించారు. అలాంటి కదలికనే గంగవాయిలి నూగులో చూస్తుండగా పక్కనున్న పుప్పొడి గొట్టం కంటపడింది. సారు పద్యం ముందు, తమ్ముడి పద్యం తర్వాత చదవాలి.

కొత్త సభ్యుడు: నా తొలి పూరణ, తప్పులుంటే మన్నించండి.

గొట్టపు కొనలోనె గుడ్డని యొకడాడ
అండ మందు ముందె యనె నమీచి
ఆర్కిడులను కోసి యందఱకును జూపె
నీరు పడిన కంట నిజము తెలిసె

ఓడినవాడి కంట నీరు అని నా భావం.

నిర్వాహకుడు: ఛందస్సులో ఎక్కడా తొణకలేదు, అభినందనలు. చిక్కంతా సమన్వయంతోనే. ఆ ‘ఒకడు’ ష్లైడెన్, కణసిద్ధాంతానికి పునాది వేసినవారిలో ఒకరు. పుప్పొడి గొట్టం కొనే పిండమవుతుందని 1837లో వాదించారు. గొట్టం రాకముందే అండంలో పిండమయ్యే బీజకణం ఉంటుందని అమీచి 1846లో ఆర్కిడ్లలో చూపారు. 1849లో జర్మన్ వృక్షశాస్త్రవేత్త హాఫ్‌మైస్టర్ గ్రంథంతో అమీచి మాట నిలబడింది. ష్లైడెన్ ఓడారు సరే, ఏడ్చారని మీరే అంటున్నారు! పైగా మొదటి మూడు పాదాలూ నాలుగోదాన్ని పట్టుకోవడం లేదు.

కొత్త సభ్యుడు: మూడో పాదం ఇలా మారిస్తేనో?

ఆర్కిడులను కోసి యహరహమ్మును జూడ

నిర్వాహకుడు: ఇప్పుడు నీరు అమీచి కంట్లోకే వచ్చింది. తమ్ముడు తొక్కిన దారే అయినా, నిజం అన్న మాటకు బరువు మీ పద్యంలోనే ఎక్కువ. ఉంచేయండి.