రొయ్యల చెరువుల్లో మడ మొక్కలు బతకట్లేదు, ఏం చేయాలి?

ప్రశ్న: తాళ్ళరేవు వైపు మా ఊరి పక్కన వదిలేసిన రొయ్యల చెరువుల్లో కుర్రాళ్ళం కలిసి తెల్లమడ (ఉప్పునీటి తీరంలో పెరిగే మడ చెట్లలో ఒక రకం) నాటాం. ఒక్క వేసవి కూడా ఆగలేదు, ఆకులు మాడిపోయాయి, నేలంతా తెల్లగా ఉప్పు పేరుకుంది. విత్తనం మార్చాలా?

జవాబు: తప్పు విత్తనానిది కాదు తమ్ముడూ, నీళ్ళది. గట్లు అడ్డుండి సముద్రపు పోటు నీళ్ళు లోపలికి రాకపోతే ఉన్న తడి ఎండకు ఆవిరై ఉప్పు మిగిలిపోతుంది, అందులో ఏం నాటినా దండగే. కోరంగి చుట్టుపక్కల అటవీ శాఖ, ఎం.ఎస్. స్వామినాథన్ పరిశోధన ఫౌండేషన్, ఊరివాళ్ళు కలిసి చేసిన పని చూడండి. క్రీకు (సముద్రపు నీరు వచ్చిపోయే పాయ) నుంచి ఒక పెద్ద కాలువ, దానికి అటూ ఇటూ చేప ముల్లులా ఏటవాలుగా పిల్లకాలువలు. పోటుకు నిండి, సముద్రం వెనక్కి తగ్గే పాటుకు దిగిపోతూ ఉంటే ఉప్పు కడుక్కుపోతుంది. మొక్కలు కాలువ అడుగున కాదు, వాలులో నాటాలి.

ఇంకొకరు: పూడిక తీయకపోతే మళ్ళీ మొదటికే వస్తుంది. చేపల వేటకెళ్ళే వాళ్ళని ముందే కలుపుకోండి, ఏ పాయలో నీళ్ళు ఎటు పారతాయో వాళ్ళకే బాగా తెలుసు. గేదెల్నీ ఆపాలి, లేత మడాకు దొరికితే మోడు చేసి వదుల్తాయి.

అడిగినవారు: అయితే గట్లు కొట్టేయమంటారా అన్నా?

జవాబు: ఆగండి. పట్టా భూమైతే యజమాని ఒప్పుకోవాలి. 1978 నుంచి అభయారణ్యంగా ఉన్న కోరంగి హద్దులోదైతే అటవీ శాఖ అనుమతి లేకుండా పార దించకండి.